దూదికి తలంటు

బెజవాడ,
8-11-1948

పూజ్యులైన అచ్చయ్యత్తయ్యకు,

సూర్యం నమస్కారాలు. ఈ ఉత్తరం తెచ్చిన సోమేశ్వరరావుగారు మీ అల్లుడుగారి ఆఫీసులో గుమాస్తా. వారిది అమలాపురమే, సెలవు మీద ఇంటికి వస్తున్నారు. వారి చేతిలో ఉన్న బుట్టలో పిల్లి ఉంది. కంగారు పడకండి. ఉత్తరం చివరిదాకా చదివి, ఆ తరవాత మూత తీయండి.

మేము ధవళేశ్వరంలో ఉన్నప్పుడు కాలవల ఇంజనీరు దొరగారి భార్య గురించి రాశాను, గుర్తుందా? వాళ్ళు సీమకు వెళ్ళిపోతూ ఈ పిల్లిని నా చేతిలో పెట్టి వెళ్ళారు. పర్షియా జాతిదట. పేరు లిల్లీ. బెజవాడ బదిలీ అయ్యాక చూస్తే ఈ ఇల్లు మరీ చిన్నది. రెండే గదులు, గుమ్మం దాటితే రోడ్డు, పొద్దస్తమానం లారీలు. ఇక్కడ దీన్ని ఉంచలేను. ఊరూ పేరూ తెలియనివాళ్ళకు ఇవ్వడానికి మనసొప్పలేదు. మీ దగ్గరైతే పెరడు ఉంది, పాడి ఉంది, అన్నిటికీ మించి మీరున్నారు.

దొరసాని చెప్పిన జాగ్రత్తలు రాస్తున్నాను. రోజూ దువ్వాలి. మెడ దగ్గర మొదలుపెట్టి తోక వైపు, జుట్టు వాలు ప్రకారం దువ్వాలి, ఎదురు దువ్వకూడదు. చెవుల వెనక, చంకల్లో చిక్కు ముందు పడుతుంది. అక్కడ వేళ్ళతో విడదీసి, ఆ తరవాతే దువ్వాలి. పొట్ట ముట్టుకోనివ్వదు, మంచి చేసుకుని మెల్లిగా కానివ్వాలి. ఒక్క రోజు మానినా ఊడిన వెంట్రుకలు తనే నాకి మింగి, తరవాత కక్కుకుంటుంది. నీళ్ళు పొయ్యకండి. దువ్వే బ్రష్షు సామానులో ఎక్కడో ఉండిపోయింది, దొరకగానే పంపుతాను.

మీకు మడీ వంటా పూజా వీటితోనే సరిపోతుందని తెలుసు. మామయ్యగారు ఏమంటారోనని భయంగానూ ఉంది. అయినా మీరు కాదనరన్న ధైర్యంతో పంపుతున్నాను. సుబ్బమ్మత్తయ్యకు నా నమస్కారాలు చెప్పండి.

మీ
సూర్యం


అమలాపురం,
సర్వధారి కార్తిక బహుళ పంచమి

చిరంజీవి సౌభాగ్యవతి సూర్యకుమారికి మేనత్త అచ్చయమ్మ దీవెనలు.

నీ బుట్ట చేరింది. ఉత్తరం చదివాక మూత తీయమన్నావు, కానీ సోమేశ్వరరావు ముందే తీశాడు. అది ఆయన ముక్కు మీద ఒక గీత గీసి అటకెక్కింది. అది దిగేలోపు నీ ఉత్తరం రెండుసార్లు చదివాను.

అది పిల్లేమిటే, ఏకిన దూది పోగు! లిల్లీ గిల్లీ నాకు నోరు తిరగదు. దూది అని పిలుస్తున్నాను, పలుకుతోంది. పాలు పోస్తే పలకని పిల్లి ఏ దేశంలోనూ ఉండదనుకో.

మీ మామయ్య గురించి నీకు భయం అక్కర్లేదు. నేను కాపరానికి వచ్చేటప్పటికి నా మరిది పట్టాభికి అయిదేళ్ళు, వాడి తల దువ్వి బడికి పంపింది నేనే. ఇప్పుడు నలభై మూడేళ్ళు, ఊళ్ళో అందరికీ వేదం పట్టాభిరామయ్యగారు. పాఠం ఆపి వచ్చి దూదిని చూశాడు. పిల్లికి అంటు లేదు, ఇంట్లో తిరగచ్చునన్నాడు. "విస్తట్లో వెంట్రుక కనిపిస్తే మాత్రం ఊరుకోనండి వదినగారూ" అన్నాడు. పెద్దవాడయ్యాక నన్ను గారు అనడం మొదలుపెట్టాడు, నేనూ అననిచ్చాను.

ఇక దొరసాని జాగ్రత్తల సంగతి. ఆవిడకు వంద విషయాలు తెలిసి ఉండచ్చు, జుట్టు సంగతి కోనసీమవాళ్ళకు చెప్పాలిటే? నీళ్ళు పొయ్యకపోతే జుట్టు జుట్టుగా ఎలా ఉంటుంది? నూనె మాటే ఎత్తలేదు నువ్వు. నెత్తి మీద చుక్క నూనె లేకుండా ఇన్నాళ్ళు బతికింది పాపం. శుక్రవారం పొద్దున్నే గానుగ నుంచి తాజా కొబ్బరినూనె తెప్పించి, చెవి దగ్గర్నుంచి తోక చివరి దాకా బాగా పట్టించాను. అరగంట నాననిచ్చి, కుంకుడుకాయ రసంతో తలంటాను. తల ఏమిటి, ఒళ్ళంతా తలే కదా దానికి. నురుగు కళ్ళలో పడ్డట్టుంది, ఒక కేక వేసి నుయ్యి చుట్టూ మూడు ప్రదక్షిణాలు చేసింది. కుంకుడు పోసిన తరవాత మెరుపు రావాలని మళ్ళీ కాస్త నూనె రాశాను.

జుట్టు సంగతి నాకు తెలుసు అని రాశాక నాకే నవ్వొచ్చింది. మా ఆయన పోయిన ఏడు, నా పంతొమ్మిదో ఏట తీయించిన తల ఇది. అప్పట్నుంచి నెలకోసారి గంగరాజు వచ్చి కత్తి పెట్టి వెళ్తాడు. ముప్ఫై రెండేళ్ళయింది. అయినా చేతులు మరిచిపోలేదే సూర్యం. కుదుళ్ళ దగ్గర నూనె ఎంత పట్టించాలో వేళ్ళకు ఇంకా తెలుసు.

బ్రష్షు తొందర లేదు.

అత్తయ్య


బెజవాడ,
26-11-1948

అత్తయ్యా!

నమస్కారం రాయడం కూడా మరిచిపోయేటంత కంగారుగా ఉంది. పిల్లికి కొబ్బరినూనె రాశారా? రెండుసార్లా? అది ఒళ్ళంతా తన నాలికతోనే తుడుచుకుంటుంది. ఆ నూనె అంతా దాని కడుపులోకే వెళ్తుంది. కుంకుడు రసం కూడానూ! ఆ పొడుగాటి జుట్టుకు జిడ్డు తగిలితే దుమ్ము పట్టి అట్టలు కడుతుంది. అందుకే నీళ్ళు పొయ్యకండి అని రాశాను. నూనె రాయకండి అని రాయలేదు నిజమే, ఎవరైనా రాస్తారని నాకు తోచలేదు.

ఎలా ఉందో వెంటనే రాయండి. తింటోందా? ఒక్క కార్డు ముక్క చాలు.

సూర్యం


అమలాపురం,
మార్గశిర శుద్ధ దశమి

చిరంజీవి సూర్యకుమారికి దీవెనలు.

బతికే ఉంది, కాకుల్ని కూడా భయపెడుతోంది. నాలుగు రోజులు విరేచనాలు పట్టుకున్నాయి, పెరుగన్నం పెట్టి కట్టించాను. ఒళ్ళంతా చీమలు పడితే పసుపు గీత గీసి గీత లోపల పడుకోబెట్టాను. నువ్వన్నట్టే చంకల్లో, పొట్ట కింద, తోక మొదట్లో జుట్టు ఉండలు కట్టి, గట్టిపడి, పిడకల్లా వేళ్ళాడుతోంది. పొరపాటు నాదే. ఒప్పుకుంటున్నాను, ఇంక ఆ మాట పదిసార్లు రాయకు.

దువ్వుదామంటే ఇంట్లో నాకు దువ్వెన ఉండదు కదా. సుబ్బమ్మను అడిగాను. "నా దువ్వెన ఇవ్వలేనండి అక్కయ్యగారూ, పిల్లికి పేలుంటే నాకు పట్టుకుంటాయండి" అంది. నా తోడికోడలు మంచిదే, దువ్వెన దగ్గర మాత్రం కాదు. అందుకని కొబ్బరికాయ మీంచి ఒలిచిన నానిన డొక్క ఒకటి తీసుకుని, ఒక కొస రాయి మీద చితక్కొట్టి, పీచు విడేదాకా కడిగి ఆరబెట్టాను. పిడి ఉన్న కుంచె తయారైంది. గట్టిగా ఉంటుంది, గుచ్చుకోదు. మధ్యాహ్నం భోజనాలయ్యాక వెనక వసారాలో కూర్చుని రోజూ గంటసేపు దువ్వుతున్నాను. పైన జుట్టు తెల్లగా తేరుకుంటోంది కానీ, ఆ ఉండలు మాత్రం దీనికి లొంగటం లేదు.

ఇంతలో ఒక గొడవ వచ్చింది. మొన్న పట్టాభి విస్తట్లో, పప్పులో, బెత్తెడు వెంట్రుక వచ్చింది. వాడు విస్తరి వదిలి లేచిపోయాడు. సాయంత్రం మజ్జిగ తాగి నా దగ్గరకు వచ్చి, "ఎలాగూ గంగరాజు మీకోసం వస్తాడు కదండీ వదినగారూ, మీకు చేసేటప్పుడు దానికీ చేయించెయ్యండి, పీడా వదిలిపోతుంది" అన్నాడు. చాలా మామూలుగా అన్నాడు. నాకు ఎక్కడో చురుక్కుమంది. సరే చూద్దాంలే అన్నాను.

జిడ్డు వదిలే ఉపాయం దొరసాని ఏమైనా చెప్పిందా? చెప్పి ఉంటే రాయి, ఈసారి వింటాను.

అత్తయ్య


బెజవాడ,
16-12-1948

పూజ్యులైన అత్తయ్యకు నమస్కారాలు.

కత్తి మాత్రం పెట్టించకండి. మీకు దణ్ణం పెడతాను. దొరసాని ఒకసారి ఎండాకాలమని దానికి జుట్టు తీయించిందట. తీసేశాక అది మూల గదిలోకి వెళ్ళి దాక్కుందట. ఎవరికీ మొహం చూపించలేదు, పిలిస్తే రాలేదు, వారం రోజులు తిండి ముట్టలేదట. దాని అందమూ ధీమా అంతా ఆ జుట్టులోనే ఉందత్తయ్యా. అది పోతే తనెవరో తనకే తెలియదు పాపం.

జిడ్డుకు ఉపాయం ఉంది. దొరసాని ఏదో పొడి వాడేది, మీరు మెత్తటి బియ్యప్పిండి వాడండి. ఉండ మీద చల్లి, బాగా రుద్ది, ఒక పూట వదిలేస్తే పిండి జిడ్డు పీల్చుకుంటుంది. తరవాత వేళ్ళతో కొస నుంచి మొదలుకు, నాలుగేసి వెంట్రుకలు చొప్పున విడదీసుకుంటూ రావాలి. మొదట్లో చర్మం దగ్గర రెండో చేత్తో పట్టుకోండి, అప్పుడు లాగినా దానికి నొప్పి తెలియదు. రోజుకు ఒక ఉండ విడినా చాలు.

సూర్యం


అమలాపురం,
మార్గశిర బహుళ ద్వాదశి

చిరంజీవి సూర్యకుమారికి దీవెనలు.

ఈ ఉత్తరం ఒక్కదానివే ఉన్నప్పుడు చదువుకో.

నీ పిండి ఉపాయం పారింది. పదకొండు ఉండల్లో ఏడు విప్పాను. ఒక్కొక్క ఉండకు ఒక పూర్తి రోజు పట్టింది. దూదికి ఓపిక పోయినప్పుడు నా వేలు పళ్ళ మధ్య పెట్టుకుంటుంది, కొరకదు. ఇంకా నాలుగు ఉన్నాయనగా నిన్న గంగరాజు వచ్చాడు.

నువ్వు చిన్నప్పుడు చూసే ఉంటావు. పెరట్లో నూతి పక్క రాయి మీద నేను కూర్చుంటాను, వాడు పొది విప్పుతాడు. నిన్న పట్టాభి కూడా వచ్చి నిలబడ్డాడు. దూదిని గంగరాజు ముందు పెట్టించి, ముందు దీని సంగతి చూడమన్నాడు. వద్దు పట్టాభీ, నేను విప్పుతున్నాను అంటూనే ఉన్నాను. గంగరాజు దాన్ని పట్టుకున్నాడు. అది ఒళ్ళంతా విల్లులా వంచి, వాడి చేతుల్లో గింజుకుని, ఒక ఏడుపు ఏడ్చింది. వాడు కత్తి తీయకుండానే వదిలేశాడు.

"నా వల్ల కాదండి బాబుగారూ. దానికిష్టం లేదండి" అన్నాడు.

"పిల్లికి ఇష్టమేమిట్రా?" అన్నాడు పట్టాభి.

"నోరు లేకపోయినా చెప్తోంది కదండీ. ఇష్టం లేనోళ్ళకి కత్తి పెడితే తెగుద్దండి. మా నాన్న నాకు నేర్పిన మొదటి మాట అదేనండి. మీరు రండమ్మగారూ, మీది కానిచ్చేత్తాను."

నేను వెళ్ళి రాయి మీద కూర్చున్నాను. కొంగు తీశాను. వాడు చెంబుతో నీళ్ళు పోశాడు. ఆ నీళ్ళు మెడ మీదుగా దిగుతుంటే, నీ ఉత్తరంలో మాటలు గుర్తొచ్చాయి. మూల గదిలో దాక్కుంది, మొహం చూపించలేదు, తిండి ముట్టలేదు అని పిల్లి గురించి రాశావు. నేనూ దాక్కున్నానే. నీ పెళ్ళి అయిదు రోజులూ కొట్టుగదిలో కూర్చుని లడ్డూలు చుట్టాను. నీ మెడలో తాళి కట్టేటప్పుడు బాజాలు మాత్రం విన్నాను. ఎవరూ నన్ను అక్కడ కూర్చోమని చెప్పలేదు, నేనే వెళ్ళి కూర్చున్నాను.

"ఆగు గంగరాజూ" అన్నాను. "నాకూ ఇష్టం లేదు."

వాడికి అర్థం కాలేదు. మళ్ళీ చెప్పాను. దానికిష్టం లేదని మానేశావు, నాకూ లేదు, మానెయ్ అన్నాను. వాడు కత్తి మడిచాడు.

"ఎప్పట్నించండీ అమ్మగారూ?" అన్నాడు.

"పంతొమ్మిదో ఏటి నుంచి."

"ఒక్క మాట చెప్పి ఉంటే బాగుండేదండి" అన్నాడు. "అప్పుడు మా నాన్నతోటి పొది పట్టుకుని నేనూ వచ్చేనండి."

"ఎవరూ అడగలేదు గంగరాజూ" అన్నాను.

వాడు పొది కట్టుకుని వెళ్ళిపోయాడు. పట్టాభి కేకలెయ్యలేదు. వేస్తే బాగుండేది. సాయంత్రం వచ్చి దూరంగా నిలబడి చెప్పాడు. జుట్టు పెంచుకున్న విధవరాలి చేతి వంట తాను తినకూడదట. నేను మనసు మార్చుకునేదాకా వంటింట్లోకి అడుగు పెట్టకూడదట. మా మామగారి తద్దినం పుష్య బహుళ నవమికి, ఆ లోపల గంగరాజును మళ్ళీ పిలిపిస్తానన్నాడు. "మీ చేతి వంట కాకపోతే నాన్నగారికి తృప్తి ఉండదండి, ఆలోచించుకోండి" అన్నాడు.

ఆ పొయ్యి ముప్ఫై రెండేళ్ళుగా నాది సూర్యం. ఈ ఇంట్లో నాకంటూ ఉన్నది అదొక్కటే. పిల్లల్లేరు, పుట్టింటికి పోదామంటే మీ నాన్నే లేడు. వంట చెయ్యని నేను ఈ ఇంట్లో ఎందుకు అని రేపు ఎవరైనా అడిగితే ఏం చెప్పాలి? భయం వేసింది. వేసిందని నీకు తప్ప ఎవరికీ చెప్పను.

అయినా తలొంచను. ఇవాళ మధ్యాహ్నం ఎనిమిదో ఉండ విప్పాను.

అత్తయ్య


బెజవాడ,
3-1-1949

పూజ్యులైన అత్తయ్యకు,

మీ ఉత్తరం చదివి నిద్ర లేదు. మిమ్మల్ని తప్పు పట్టేటంతదాన్ని కాను. కానీ ఒక్కసారి నిదానంగా ఆలోచించండి. మామయ్యగారు చెడ్డవారు కారు. ఆచారం విషయంలో పట్టుదల మనిషి, అంతే. తద్దినం ఇంక మూడు వారాలు కూడా లేదు. ఈ ఒక్కసారికి ఒప్పుకుంటే వంటిల్లు మీకు మిగులుతుంది, ఇంట్లో గౌరవం మిగులుతుంది. తరవాత మెల్లిగా మామయ్యగారికి నచ్చచెప్పచ్చు. వెంట్రుకలేగా అత్తయ్యా, మళ్ళీ వస్తాయి. ఈ వయసులో మిమ్మల్ని ఇంట్లోంచి పొమ్మంటే ఎక్కడికి వెళ్తారు?

లిల్లీ ఎలా ఉంది?

సూర్యం


అమలాపురం,
పుష్య శుద్ధ దశమి

సూర్యకుమారికి,

వెంట్రుకలేగా అని రాశావు. పిల్లి వెంట్రుకల కోసం మూడు ఉత్తరాలు రాశావే నువ్వు, దణ్ణం పెడతానన్నావు.

ఎక్కడికి వెళ్తారు అని కూడా అడిగావు. నీ దగ్గరకు వస్తానని నేను రాశానా? అడగని దానికి అంత భయమెందుకు నీకు? ఏం దాస్తున్నావో రాసెయ్యి. నీకు తొమ్మిది నెలలు నిండినప్పటి నుంచి తలంటినదాన్ని, నీ అక్షరాలు వంకర పోతే నాకు తెలుస్తుంది.

దూది బాగుంది. ఉండలన్నీ విడిపోయాయి.

అచ్చయమ్మ


బెజవాడ,
17-1-1949

పూజ్యులైన అత్తయ్యకు,

మీరు దీవెనలు లేకుండా నాకు రాసిన మొదటి ఉత్తరం అది. వారం రోజులు నా పెట్టెలో చీరల కింద పెట్టుకున్నాను.

నిజం రాస్తున్నాను. ఇల్లు చిన్నదని పిల్లిని పంపలేదు. మీ అల్లుడుగారికి అది పక్కకు వస్తే తుమ్ములు. కోటు నిండా వెంట్రుకలు. అదో నేనో తేల్చుకో అన్నారు. నేను ఒక్క మాట ఎదురు చెప్పకుండా బుట్ట అల్లించాను. బ్రష్షు సామానులో పోలేదు. దానితో ఆయన కోటు దులుపుకుంటున్నారు. అడగడానికి నాకు నోరు రాలేదు.

గంగరాజు సంగతి మీరు రాసిన ఉత్తరం అందిన రోజునే ఆయన్ను అడిగాను, అత్తయ్యను తెచ్చుకుందామా అని. పరువూ, లోకులూ, రెండు గదులూ అంటూ కాదన్నారు. నేను ఊరుకున్నాను. రమ్మని రాయలేక, మీరే సర్దుకుంటే నాకు ఈ బాధ ఉండదని ఆ ఉత్తరం రాశాను. మీ కోసం కాదు అత్తయ్యా, నా కోసం రాశాను. స్కూలు ఫైనలు దాకా చదువుకున్నాను, ఇంట్లో రెండు మాటలు పైకి అనలేకపోయాను. సిగ్గుగా ఉంది.

మొన్న మీ ఉత్తరాలు రెండూ ఆయనకు పైకి చదివి వినిపించాను. మధ్యలో ఆపమన్నారు, ఆపలేదు. పెళ్ళిలో మీరు కొట్టుగదిలో ఉన్న ముక్క రెండుసార్లు చదివాను. అప్పుడు చెప్పాను. మా అత్తయ్య ఈ గుమ్మంలోకి వస్తే తలుపు తీసేది నేను, మీకిష్టమున్నా లేకపోయినా అని. ఆయన పొద్దున్న కోటు చేత్తో దులుపుకుని వెళ్ళారు. బ్రష్షు బల్ల మీద ఉంది. పార్సెలు చేసి పంపుతున్నాను.

రండి అత్తయ్యా. ఈసారి మనసారా రాస్తున్నాను.

మీ
సూర్యం


అమలాపురం,
మాఘ శుద్ధ ద్వాదశి

నా బంగారు తల్లి సూర్యానికి, అత్తయ్య మనసారా దీవించి రాస్తున్నది.

నువ్వు ఆయనకు పైకి చదివి వినిపించావని చదివాక నాకు కోపమంతా పోయింది. ఆ తలుపు తీసే ఉంచు, ఎప్పుడో ఒకసారి నీ చేతి కాఫీ తాగడానికి వస్తాను. కాపురం ఉండటానికి మాత్రం రాను. నాకు కావలసింది నా వంటిల్లు, అది ఇక్కడుంది.

బ్రష్షు చేరింది. చూడటానికి బాగుంది కానీ పైపైనే పోతుంది, నా డొక్క కుంచెకు ఉన్న పట్టు దానికి లేదు.

ఇక్కడి సంగతులు విను. తద్దినం ముందు రోజు గంగరాజును పిలిపించారు. వాడికి ఒంట్లో బాగుండలేదని కబురొచ్చింది. ఆ సాయంత్రమే వాడు పట్టాభి ఎదురుగా బజారులో శుభ్రంగా నడుచుకుంటూ వెళ్ళాడట. పట్టాభి నన్ను పిలిచి, ఇంకెవరినైనా పిలిపించనా అని అడిగాడు. ఎవరిని పిలిపించినా రాయి మీద నేను కూర్చోను అన్నాను. అంతే, తద్దినం వంట సుబ్బమ్మ చేసింది. నేను వెనక వసారాలో కూర్చుని పొయ్యి చప్పుడు వింటూ ఉన్నాను. నూనె కాగకముందే గారె వేసిన చప్పుడు నాకు తెలుస్తుంది కదా. లేవకుండా ఉండటానికి దూదిని ఒళ్ళో పెట్టుకుని ఆ రోజు రెండుసార్లు దువ్వాను. భోక్తలు తద్దినం వంటకు పేరు పెట్టకూడదు కనక నోరు మెదపకుండా తిని వెళ్ళారు. ఆ గారెల్లో ఒకటి దూదికి వేస్తే దొర్లించి ఆడుకుంది. నవ్వుతున్నాను కానీ, ఆ రోజు ఏడ్చాను.

ఆ తరవాత పదిహేను రోజులు సుబ్బమ్మే వండింది. పట్టాభి చిక్కాడు. పాఠం చెప్పేటప్పుడు గొంతు దిగిపోయింది. మొన్న ఆదివారం సుబ్బమ్మ బయట చేరింది. మూడు రోజులు వంటింట్లోకి రాకూడదు. నేను రాకూడదు. బయట ఎవరింటా వాడు తినడు. ఇంక వాడే వండుకోవాలి. వసారాలోంచి నేను చెప్తూనే ఉన్నాను, అత్తెసరుకు నీళ్ళు ఇంత పొయ్యి అని. వేదం అంతా నోటికి వచ్చినవాడికి రెండు గ్లాసుల లెక్క రాలేదు. మొదటి రోజు పలుకు అన్నం తిన్నాడు. రెండో రోజు మాడింది. మూడో రోజు గంజి వార్చబోయి చేయి కాల్చుకున్నాడు.

ఆ చేతికి తడిగుడ్డ చుట్టుకుని వసారాలోకి వచ్చి నిలబడ్డాడు. నేను దూది మెడ కింద దువ్వుతున్నాను.

"ఇప్పుడు అన్నంలో వెంట్రుకలు రావడం లేదండి" అన్నాడు.

"రావు. రోజూ దువ్వుతున్నాగా. ఊడేవన్నీ ఇక్కడే కుంచెకు అంటుకుంటాయి."

చేతికున్న తడిగుడ్డ సర్దుకున్నాడు. "ఆకలేస్తోందండి వదినగారూ" అన్నాడు.

నా చేయి ఆగిపోయిందే. చిన్నప్పుడు బడి నుంచి వస్తూ వీధి మలుపు నుంచే ఆ మాట అరిచేవాడు. ఎత్తి ఒళ్ళో కూర్చోబెట్టుకోవాలనిపించింది. కానీ మాట తేలకుండా లేవకూడదనుకున్నాను.

"నేను వండితే తింటావా? చూసుకునే చెప్పు. ఇంక గంగరాజు నా కోసం రాడు."

"తద్దినానికి మాత్రం ఒప్పుకోలేనండి" అన్నాడు.

"తద్దినం ఏడాది తరవాత కదా, అప్పుడు మళ్ళీ దెబ్బలాడుకుందాం. ఇప్పుడు పొయ్యి వెలిగించమంటావా, వద్దా?"

దూది లేచి వెళ్ళి వాడి కాళ్ళకు ఒళ్ళు రాసింది.

"ఆయ్, వెలిగించండి" అన్నాడు.

స్నానం చేసి, మడి కట్టుకుని, నెలన్నర తరవాత నా వంటింట్లోకి వెళ్ళాను. డబ్బాలన్నీ తారుమారుగా ఉన్నాయి. సర్దుకోవడానికే కాస్త పొద్దుపోయింది. పెసరపప్పు, కంద బచ్చలి కూర, చారు చేశాను. వాడు పీట వేసుకుని కూర్చున్నాడు. ఔపోసన పట్టేటప్పుడు ఒక్క క్షణం ఆగాడు. నేను చూస్తూ నిలబడ్డాను. తాగాడు. కూర రెండుసార్లు వేయించుకున్నాడు.

మజ్జిగ తెచ్చేటప్పుడు నా కొంగు తల మీద నుంచి జారింది. ఒక చేతిలో గిన్నె, ఒక చేతిలో గరిట. కింద పెట్టి సర్దుకోవచ్చు. సర్దుకోలేదు. అలాగే వెళ్ళి వాడి ముందు వంగాను.

పట్టాభి తలెత్తి చూశాడు. చేయి విస్తట్లోనే ఉండిపోయింది. అంగుళం జుట్టు మొలిచింది నాకు, కిటికీలోంచి ఎండ సరిగ్గా దాని మీదే పడుతోంది. వాడు నా జడ ఆఖరిసారి చూసినప్పుడు వాడికి పదకొండేళ్ళు. దాన్ని లాగి పారిపోతుండేవాడు.

"ఇంత తెల్లబడిపోయిందా వదినా!" అన్నాడు.

ముప్ఫై రెండేళ్ళూ కత్తి కింద నేను కళ్ళు మూసుకునే కూర్చున్నాను సూర్యం. రాలిన వెంట్రుకల్ని ఒక్కసారీ చూడలేదు. వాడి మనసులో లాగే నా మనసులోనూ అది ఇంకా నల్లగానే ఉంది.

"తెల్లబడిందిట్రా?" అన్నాను. "నాకు తెలియదు."

వాడు ఎడం చేత్తో కళ్ళు తుడుచుకున్నాడు. నేను మజ్జిగ పోశాను.

అత్తయ్య